పచ్చడికి పట్టం, అడవికి తాళం

రాజధానిలో చలి ముదిరే రోజులు మేళాల రోజులు. గిరిజన సహకార మార్కెటింగ్ సమాఖ్య, అంటే 1987లో ఏర్పడి 'ట్రైఫెడ్' అనే పొట్టి పేరుతో వ్యవహారంలో ఉన్న సంస్థ, 2017 నుండి ఇక్కడ 'ఆది మహోత్సవ్' పేరిట ఒక సంతను నిర్వహిస్తున్నది. 2023 ఫిబ్రవరిలో ధ్యాన్‌చంద్ స్టేడియంలో జరిగిన ఉత్సవాన్ని ప్రధానమంత్రి స్వయంగా ప్రారంభించారు. బస్తరు లోహపు బొమ్మలు, వార్లీ చిత్రాలు కొనడానికి వచ్చే నగరవాసులు ఇప్పుడు తినుబండారాల దుకాణాల వద్దనే ఎక్కువసేపు నిలబడుతున్నారు. ఇప్పపూల లడ్డూలు, వెదురు మొలకల ఊరగాయ, అడవి తేనె, పేరు తెలియని ఆకుల పొడి ఏది చూసినా వారికి కొత్తే. దక్షిణ ఢిల్లీలోని ఖరీదైన భోజనశాలలలో కూడా 'అడవి వంట' అనే మాటకు నేడు మంచి ధర పలుకుతున్నది.

ఈ దృశ్యం చూచినపుడు ఇదే నగరం 2001వ సంవత్సరంలో మాట్లాడిన మాటలు గుర్తుకు రాక మానవు. ఆ ఏడాది వర్షాకాలంలో ఒరిస్సా రాష్ట్రం రాయగడ జిల్లా కాశీపూర్ ప్రాంతంలో పలువురు గిరిజనులు మరణించారు. ఆ జిల్లా మన పార్వతీపురానికి పొరుగున ఉన్నదే, తెలుగు వినిపించే ప్రాంతమే. మరణించినవారు తిన్నది మామిడి జీడి అంబలి. అవి ఆకలి చావులని ప్రతిపక్షాలు, పత్రికలు అన్నాయి. కావు, పాడైపోయిన జీడి తినడం వలన కలిగిన విషాహార మరణాలు, జీడి తినడం వారి ఆచారమే అని రాష్ట్ర ప్రభుత్వం వాదించింది. ఢిల్లీ నుండి పత్రికా రచయితలు, టెలివిజన్ బృందాలు దండుగా తరలి వెళ్ళాయి. టెంక పగులగొట్టి తినే మనుషులను చూచి దేశం నివ్వెరపోయింది.

మామిడి జీడి తినడం ఆచారమన్న మాట అబద్ధం కాదు. వేసవిలో తిన్న మామిడిపండ్ల టెంకలను ఎండబెట్టి, పగులగొట్టి, లోపలి జీడిని పిండి చేసి, వగరు పోయేదాకా నీటిలో నానబెట్టి, అంబలి కాచుకొనడం కొండజాతుల వారికి తరతరాలుగా తెలిసిన విద్య. పాత ధాన్యం అయిపోయి కొత్త పంట ఇంకా చేతికి రాని నెలలలో అది ఆదుకుంటుంది. అయితే ఆ అంబలి పక్కన ఒకప్పుడు దుంప ఉండేది, చేప ఉండేది, కుందేలు ఉండేది, పదిరకాల ఆకులు ఉండేవి. అవన్నీ తొలగిపోయి, చెమ్మకు బూజుపట్టిన జీడి ఒక్కటే మిగిలినపుడు ఆచారం కాస్తా విషమైంది. ఆచారమా, ఆకలియా అని వాదించుకున్న రెండు పక్షాలవారూ మిగిలిన పదార్థాలు ఎక్కడికి పోయాయని అడగలేదు.

ఆ పదార్థాలలో ఒకదాని కథ ఇటీవల విచిత్రమైన మలుపు తిరిగింది. అదే ఒడిశాకు ఉత్తరాన ఉన్న మయూర్‌భంజ్ జిల్లా. అక్కడి సిమిలిపాల్ కొండలలో గుగ్గిలం చెట్ల మీద, మామిడి చెట్ల మీద ఆకులను ఒకదానికొకటి కుట్టి గూడు కట్టే ఎర్రచీమలున్నాయి. వాటిని అక్కడ 'కాయ్' అంటారు. తెల్లవారుజామున, ఎండ తగలకముందు, కొమ్మతో సహా గూటిని విరిచి నీళ్ళున్న కుండలోనో, బట్టలోనో దులుపుతారు. కుట్టకుండా దులపడం అందరికీ వచ్చే పని కాదు. చీమలను, వాటి తెల్లని గుడ్లను, పిల్లలను వేరుచేసి కడిగి ఉప్పు, పచ్చిమిరప, వెల్లుల్లి, అల్లం చేర్చి సన్నికల్లు మీద నూరుతారు. చీమలోని ఆమ్లం వలన దానికి పులుపు వస్తుంది. నిమ్మకాయ వంటి పులుపు కాదు, చింతపండు వంటిదీ కాదు. జ్వరానికి, జలుబుకు మంచిదని వారి నమ్మకం. బస్తరులో దీనినే 'చాప్‌డా' అంటారు. ఇంగ్లండు వంటల నిపుణుడు గోర్డన్ రామ్సే తన టెలివిజన్ కార్యక్రమం కోసం వచ్చి దానిని రుచి చూచి వెళ్ళిన తరువాత మన ఆంగ్ల పత్రికలకు కూడా దాని మీద గౌరవం పుట్టింది.

ఈ చీమల పచ్చడి సుప్రీంకోర్టు గుమ్మం కూడా ఎక్కింది. కోవిడ్ మహమ్మారికి దీనిని దేశమంతటా మందుగా వాడవలసిందిగా ఆదేశించాలని కోరుతూ ఒడిశా నుండి ఒకరు వేసిన పిటిషన్‌ను న్యాయస్థానం 2021 సెప్టెంబరులో తోసిపుచ్చింది. న్యాయస్థానం చేసిన పని సబబే. సంప్రదాయ వైద్యాన్ని ఎవరింట వారు పాటించవచ్చును గాని దేశమంతటికీ ఉత్తర్వు ఎలా ఇస్తారు?

ఆస్ట్రేలియా ఉత్తర భాగంలో నివసించే ఆదిమ జాతులు ఆరగించే చీమ కూడా ఇదే! జాతి ఒకటే, శాస్త్రనామం ఒకటే. అక్కడిది పొట్ట భాగంలో ఆకుపచ్చగా ఉంటుంది గనుక పచ్చచీమ అంటారు. వారు గూటిని నలిపి నీటిలో కలిపి దగ్గుకు, జలుబుకు తాగుతారు. భారతదేశం నుండి ఆస్ట్రేలియా దాకా వ్యాపించిన ఈ ప్రాణిని రెండు చివరల ఉన్నవారు ఒకరినొకరు ఎరుగకుండానే ఒకే జబ్బుకు వాడుతున్నారు. కాండం మీద గుండ్రని కాయలు కాసే అడవి పెండలపు తీగ ఒకటున్నది. అదీ రెండు దేశాలలోనూ ఉన్నది. దాని దుంప చేదు, విషపూరితం. ఆస్ట్రేలియా స్త్రీలు దానిని ఉడికించి, పలుచగా తరిగి, అల్లిన సంచిలో పెట్టి రాత్రంతా పారే నీటిలో వదులుతారు. మన కొండలలోని స్త్రీలు ఇటువంటి చేదు దుంపలను ఉడికించి, తరిగి, వెదురు బుట్టలో పెట్టి సెలయేటిలో వదులుతారు. బూడిద కలిపే పద్ధతి కూడా ఉన్నది. ఏ దుంపకు ఎన్ని నీళ్ళు, ఎంతసేపు అన్నది తప్పితే ప్రాణం మీదికి వస్తుంది. ఈ లెక్క ఏ పుస్తకంలోనూ కాక, తల్లి నుండి కూతురికి వస్తున్నది.

చీమల పచ్చడికి తిరిగి వద్దాం. మయూర్‌భంజ్ కాయ్ సొసైటీ అనే సంస్థ 2022లో పెట్టుకున్న దరఖాస్తు ఫలించి 2024 జనవరి 2న 'సిమిలిపాల్ కాయ్ చట్నీ'కి భౌగోళిక గుర్తింపు లభించింది. 1999 నాటి చట్టం కింద డార్జిలింగ్ తేయాకుకు మొట్టమొదటగా దక్కిన గౌరవమే ఇది. ఇక ఆ పేరు పెట్టి మరెవరూ మరెక్కడా పచ్చడి అమ్మరాదు. రాజధాని పత్రికలు సంతోషించాయి. సంతోషించవలసిన విషయమే. ఒకనాడు 'చీమలు తినేవాళ్ళు' అని నవ్వినవారే నేడు గుర్తింపు పత్రం ఇచ్చారు.

సరిగ్గా 16 నెలలు తిరగకముందే, 2025 ఏప్రిల్‌లో, అదే సిమిలిపాల్‌లో 845.70 చదరపు కిలోమీటర్లను జాతీయ ఉద్యానంగా ప్రకటించారు. ఇది దేశంలో 107వది, ఒడిశాలో రెండవది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం 35వ సెక్షన్ ప్రకారం జాతీయ ఉద్యానం నుండి వన్యజీవిని గాని, అటవీ ఉత్పత్తిని గాని తొలగించరాదు. 'వన్యజీవి' అంటే ఆ చట్టంలో పులి, ఏనుగు మాత్రమే కాదు. ఆ అడవిలో నివసించే ఏ జంతువైనా, అక్కడ పెరిగే ఏ మొక్కైనా అందులోకి వస్తుంది. ఉద్యానం మేలు కోసం అధికారులే ఏదైనా తొలగిస్తే దానిని చుట్టుపక్కల ప్రజలు సొంత అవసరాలకు వాడుకొనవచ్చును, వ్యాపారానికి మాత్రం వాడరాదు అని కూడా అదే సెక్షన్ చెబుతున్నది. పచ్చడి పేరును కాపాడే చట్టం వ్యాపారం కోసం పుట్టింది. అడవిని కాపాడే చట్టం వ్యాపారం కూడదన్నది. రెండూ పార్లమెంటు చేసినవే.

కాయ్ చీమలు ఉద్యానపు సరిహద్దు లోపలనే గూళ్ళు కట్టవు. ఊరి మామిడితోటలలోనూ, ఉద్యానం వెలుపలి అడవులలోనూ కూడా ఉంటాయి. కనుక రేపే సంతలో పచ్చడి దొరకకుండా పోతుందని చెప్పబోవడం లేదు. పచ్చడికి పేరిచ్చిన కొండ మీదనే పచ్చడికి కావలసిన సామగ్రిని సేకరించే చెయ్యి నేరస్థుని చెయ్యి కావచ్చునన్నదే ఇక్కడి విషయం.

అటవీ శాఖవారి పక్షాన చెప్పవలసినదీ ఉన్నది. సిమిలిపాల్ పులులలో నల్లని చారలు ఒంటినిండా పరచుకున్న అపురూపమైన రకం ఉన్నది. అటువంటివి స్వేచ్ఛగా తిరిగే అడవి మరొకటి లేదు. ప్రతి ఏడాది వేసవిలో 'అఖండ శికార్' పేరిట వందలాది మంది అడవిలో ప్రవేశించి కంటబడిన జంతువునెల్లా వేటాడే ఆచారం అక్కడ జంతు సంతతిని ఎంతగానో దెబ్బతీసింది. ఇప్పపూలు ఏరుకొనడానికి వీలుగా చెట్ల కింద ఎండుటాకులకు నిప్పు పెట్టడం వలన అడవులు తగులబడుతున్న మాట కూడా నిజం. ఆదివాసి చేసినదంతా ప్రకృతి సమ్మతమేనని పొగడడం ఢిల్లీ సభా వేదికలకు సరిపోతుంది గాని అడవిలో పనిచేసే రక్షకునికి సరిపోదు. అయితే తుపాకితో సాంబరును కొట్టేవానికి, గంపతో ఆకుకూర కోసే ముసలమ్మకు ఒకే తలుపు మూయడం మాత్రం సమంజసమని తోచదు.

ఈ తేడా చూడడానికే 2006లో అటవీ హక్కుల చట్టం వచ్చింది. ఆ శీతాకాల సమావేశంలో ఉభయ సభలూ ఆమోదించిన చట్టం అది. అడవిలో పూర్వం నుండి సేకరిస్తున్న చిన్నతరహా ఉత్పత్తులపై యాజమాన్యం, వాటిని సేకరించి అమ్ముకొనే హక్కు గిరిజనులవేనని మూడవ సెక్షన్ ఘంటాపథంగా చెబుతున్నది. తేనె, మైనం, లక్క, దసలి పట్టుకాయలు, తునికాకు, దుంపలు, వేళ్ళు అన్నీ పేరుపేరునా ఉన్నాయి. చెరువులు, వాగులలోని చేపల మాట కూడా ఉన్నది. కాని నిర్వచనం 'వృక్ష సంబంధమైన' ఉత్పత్తులకే పరిమితం. తేనె వృక్ష సంబంధమెట్లా అయిందో చట్టం రాసినవారికే తెలియాలి! తేనెటీగకు దొరికిన ఆ మినహాయింపు చీమకు దొరకలేదు. ఇక అదే సెక్షన్ చివరలో, ఇతర సంప్రదాయ హక్కులన్నీ చెల్లుతాయి గాని అడవి జంతువును వేటాడే, ఉచ్చు వేసి పట్టే హక్కు మాత్రం చెల్లదని ఉన్నది.

అంతటా చెల్లదా అంటే, ఒకచోట చెల్లుతుంది. వన్యప్రాణి చట్టం 65వ సెక్షన్ చూడవలసి ఉన్నది. నికోబార్ ద్వీపాల గిరిజనులకు 1967లో ఇచ్చిన వేట హక్కులకు ఈ చట్టం అడ్డురాదని అందులో రాశారు. ప్రధాన భూభాగంలోని కోట్లాది ఆదివాసులకు వర్తించని సూత్రం సముద్రం దాటగానే వర్తించింది. అక్కడి జనాభా కొద్ది, ఢిల్లీకి దూరం ఎక్కువ అన్నది తప్ప వేరొక కారణం నా దృష్టికి రాలేదు.

ఆస్ట్రేలియాలో ఇదే ప్రశ్న వారి అత్యున్నత న్యాయస్థానం ముందుకు వచ్చింది. కార్పెంటేరియా సింధుశాఖ తీరాన గాంగలిడా జాతికి చెందిన మురాండూ యానర్ 1994లో రెండు చిన్న మొసళ్ళను సంప్రదాయమైన బల్లెంతో పట్టి, కొంత మాంసం తన వారితో కలిసి తిని, తక్కినది శీతలపెట్టెలో దాచుకున్నాడు. లైసెన్సు లేకుండా పట్టాడని క్వీన్స్‌లాండ్ ప్రభుత్వం కేసు పెట్టింది. రాష్ట్రంలోని వన్యప్రాణులన్నీ ప్రభుత్వపు సొత్తు అని వారి వాదన. 1999 అక్టోబరులో న్యాయస్థానం యానర్ పక్షాన తీర్పు చెప్పింది. సొత్తు అనే మాట ప్రభుత్వానికి నియంత్రించే అధికారాన్ని ఇస్తుందే గాని, ఆదిమజాతి వారు తమ తిండికోసం వేటాడుకొనే హక్కును తుడిచివేయదని తేల్చింది. 1993 నాటి ఆదిమ భూస్వామ్య చట్టంలో ఆ రక్షణ ఉన్నది. అక్కడ అంతా సవ్యంగా ఉన్నదని కాదు. ఆ జాతులు ఎరిగిన మెకడేమియా పప్పును తీసుకుపోయి తోటలు వేసి లాభపడినవారు హవాయి ద్వీపాల రైతులు. పేరూ, ధనమూ అడవి నుండి బయటికి పోవడం అక్కడా ఉన్నది. కాని తిండికోసం పట్టిన చెయ్యి నేరం చేసిందా అన్న ప్రశ్నకు మాత్రం అక్కడ స్పష్టమైన జవాబు దొరికింది.

మన పొరుగున సింహళంలో దొరకలేదు. మహవేలి పథకంలో భాగంగా 1983 నవంబరులో మదురు ఓయా జాతీయ ఉద్యానాన్ని ప్రకటించినపుడు వేద్దా జాతివారి వేట భూములు అందులో కలిసిపోయాయి. పుట్టతేనె తీయడం, మాంసాన్ని పొగబెట్టి తేనెలో నిలవచేయడం, అడవి దుంపలు తవ్వడం వారి జీవనం. చాలామందిని వ్యవసాయ కాలనీలకు తరలించారు. దంబానలో ఉన్న వారి పెద్ద తిసాహామి మాత్రం కదలనన్నాడు. 1998లో ఆయన చనిపోయేనాటికి వేద్దాలు తమ అడవిని చూపించడానికి పర్యాటకులతో, దానిలో ప్రవేశించడానికి అధికారులతో మాట్లాడవలసిన స్థితిలో ఉన్నారు.

మన నల్లమల చెంచులు ఆ వేద్దాలకు బంధువుల వంటివారు. ఇనుపమొన గల కర్రతో దుంప తవ్వడం, కొండ అంచున నార తాళ్ళ మీద వేలాడుతూ తేనెపట్టు కోయడం, ఇప్పపూలు ఏరడం వారి వృత్తులు. హైమన్‌డార్ఫ్ 1943లో వారిపై వెలువరించిన గ్రంథం చదివినవారికి ఈ చిత్రం సుపరిచితం. వారి అడవి 1983లో పులుల రక్షణ పథకం కిందికి వచ్చింది. నేడు చాలా పెంటలలో చౌకధరల బియ్యమే ప్రధానాహారం. ఆ బియ్యాన్ని తక్కువ చేసి మాట్లాడడం పాపం. 2001 నవంబరులో సుప్రీంకోర్టు ఆహార హక్కు కేసులో ఇచ్చిన ఉత్తర్వులు, 2013 ఆహార భద్రతా చట్టం వచ్చిన తరువాత కాశీపూర్ వంటి వార్తలు అరుదైనాయి. బియ్యం కడుపు నింపుతుంది. అయితే సంచిలో వచ్చే బియ్యంతో పాటు ఆకు రాదు, గుడ్డు రాదు, చేప రాదు. కొండజాతుల పిల్లలలో, తల్లులలో రక్తహీనతను గురించి ప్రతి ప్రభుత్వ సర్వే మొత్తుకుంటున్నది.

ఇప్పపువ్వు కథ చెబితే ఢిల్లీ మనసు ఎట్లా మారుతూ వచ్చిందో తెలుస్తుంది. తెల్లవారకముందే రాలే ఈ పూలు ఎండితే ఎండుద్రాక్షవలె ఉంటాయి. వాటిని ఉడికించి తింటారు, వేయించి నువ్వులతో దంచి ముద్దలు చేస్తారు, సారా కాస్తారు. సారా సుంకం రాబడి పోతున్నదని 1892లో బొంబాయి ప్రెసిడెన్సీ ప్రభుత్వం ఈ పూలను ఏరడాన్నే నిషేధిస్తూ ఒక చట్టం చేసింది. ఊరి చెట్టు కింద రాలిన పువ్వు నేరవస్తువైంది. అదే సారాను 2021లో మధ్యప్రదేశ్ ప్రభుత్వం 'వారసత్వ మద్యం' అన్నది. 2025 మార్చిలో ప్రధాని తన రేడియో ప్రసంగంలో ఛింద్వాడా స్త్రీలు చేసిన ఇప్పపూల బిస్కట్లను, మన ఆదిలాబాదు సోదరీమణుల వంటకాలను ప్రస్తావించారు. 130 ఏండ్లలో నేరం నుండి వారసత్వానికి! గిరిజనుడు చేసిన పని ఈ మధ్యకాలమంతటా ఒక్కటే, వంగి పువ్వును ఏరడం.

మెచ్చుకోలు పెరిగినకొద్దీ ధర పెరుగుతుంది, నిజమే. తొలకరి ఉరుములకు గుగ్గిలం చెట్ల కింద నేలలో పుట్టే గుండ్రని పుట్టగొడుగును జగదల్‌పూర్‌లో 'బోడా' అని, రాంచీలో 'రుగ్డా' అని పిలుస్తారు. మొదటి వారంలో అది మాంసం కంటె ప్రియం. ఏరినవారు దానిని తినరు, అమ్ముతారు. ఆ డబ్బుతో ఉప్పు, నూనె, పిల్లల పుస్తకాలు కొంటారు. తప్పేమున్నది? కాని ఏరే హక్కు కాగితం మీద స్థిరపడని చోట ధర పెరిగితే ముందుగా వచ్చేవాడు దళారి, తరువాత వచ్చేవాడు గార్డు.

అటవీ హక్కుల చట్టం కింద దరఖాస్తులు తిరస్కరింపబడినవారిని ఖాళీ చేయించాలని 2019 ఫిబ్రవరి 13న సుప్రీంకోర్టు ఆదేశించినపుడు పది లక్షలకు మించిన దరఖాస్తుల మాట చర్చకు వచ్చింది. కేంద్రం మేలుకొని ప్రార్థించగా పదిహేను రోజులకే, ఫిబ్రవరి 28న, ఆ ఉత్తర్వును నిలిపివేశారు.

వన్యప్రాణి చట్టాన్ని సవరించే అవకాశం 2022లో పార్లమెంటుకు వచ్చింది. ఆగస్టులో లోక్‌సభ, డిసెంబరులో రాజ్యసభ ఆమోదించాయి. పెంపుడు ఏనుగులను ఒకచోటి నుండి మరొకచోటికి ఎట్లా తరలించవచ్చునన్న విషయంపై సభ్యులు చాలాసేపు మాట్లాడారు. అభయారణ్యాలలో స్థానికులు తాగడానికి, ఇంటి అవసరాలకు నీరు తీసుకుపోవడం నేరం కాదని ఒక వాక్యం చేర్చారు. అంతవరకు ఆ వాక్యం అవసరమని ఎవరికీ తోచకపోవడమే ఆశ్చర్యం. ఆ నీటి పక్కన మొలిచే ఆకుకూర ప్రసక్తి, చీమల గూటి ప్రసక్తి సవరణలో లేవు. 65వ సెక్షన్‌లో నికోబార్ పేరు ఒక్కటే ఇంకా ఉన్నది.